నీళ్లు లేని ద్వీపసమూహం

మహారాష్ట్ర రెవెన్యూ మంత్రి బావన్‌కులే గారు 2025 జులైలో ఆ మాట అన్నప్పటి నుంచి మా చంద్రపూర్‌లో ప్రతివాడూ సరిహద్దు నిపుణుడైపోయాడు. తెలంగాణ సరిహద్దులోని పద్నాలుగు ఊళ్లూ మహారాష్ట్రలో కలిసిపోతాయట. శుభం. నాదొకటే సందేహం. 1997లో సుప్రీంకోర్టు దాకా వెళ్లి ఆ ఊళ్లు మావేనని తేల్చుకున్నామని ఇన్నేళ్లూ చెప్పుకున్నది మహారాష్ట్రవాళ్లే కదా. తన జేబులో ఉన్న రూపాయిని ఎవడైనా పదిమందిని పిలిచి మళ్లీ జేబులో వేసుకుంటాడా?

అవతల తెలంగాణ నుంచి బంధువుల ఫోన్లు: "మన ఊళ్లు మీవాళ్లు లాక్కుంటున్నారటగా!" మీవాళ్లు అంటే నేనన్నమాట. బల్లార్షాలో రైలు దిగిన తెలుగువాడు కొన్నాళ్లకి మహారాష్ట్ర ప్రభుత్వమైపోతాడని నాకు తెలీదు.

బడిలో చెప్పిన ప్రకారం దీవికి చుట్టూ నీళ్లుండాలి. మాణిక్‌గఢ్ కొండల మీది ఈ దీవులకి చుట్టూ ప్రభుత్వాలున్నాయి. ముంబై నుంచి చూస్తే జివతి తాలూకా, హైదరాబాద్ నుంచి చూస్తే కెరమెరి మండలం. పరందోళి, అంతాపూర్, ముకదంగూడ, మహరాజ్‌గూడ... మనుషులు వాళ్లే, గుడిసెలు అవే, రేషన్ కార్డులు మాత్రం రెండేసి. ఒకే ఊళ్లో మరాఠీ బడి, తెలుగు బడి.

ఇక ఓట్లు. వీటిని నేను అంత తేలిగ్గా వదలను.

2023 నవంబర్ 30న ఆసిఫాబాద్ ఎమ్మెల్యే కోసం ఓటు. 2024 ఏప్రిల్ 19న చంద్రపూర్ ఎంపీ కోసం. మే 13న ఆదిలాబాద్ ఎంపీ కోసం. నవంబర్ 20న రాజురా ఎమ్మెల్యే కోసం. ఏడాది తిరక్కుండా నాలుగు! ప్రజాస్వామ్యానికి తల్లి మనదేశమని ఢిల్లీలో అంటుంటే ఏమో అనుకున్నాను, ఆ తల్లి కాపురం ఇక్కడే ఉన్నట్టుంది. 2019లోనే పాపం కాస్త అన్యాయం జరిగింది. చంద్రపూర్‌కీ ఆదిలాబాద్‌కీ ఏప్రిల్ 11నే పోలింగ్ పెట్టారు. ఎండలో ఒకే పూట రెండు బూత్‌లు ఎవరు తిరుగుతారు?

ఫలితాలు ఇంకా బాగుంటాయి. ఆసిఫాబాద్‌లో బీఆర్ఎస్ నుంచి కోవ లక్ష్మి గెలిచారు. రాజురాలో బీజేపీ దేవ్‌రావ్ భోంగ్లే. లోక్‌సభకి ఆదిలాబాద్ నుంచి బీజేపీ గోడం నగేశ్ వెళ్తే, చంద్రపూర్ నుంచి కాంగ్రెస్ ప్రతిభా ధానోర్కర్ వెళ్లారు. అంటే అంతాపూర్ ముసలాయన ఒకరిని అధికారపక్షంలోనూ ఒకరిని ప్రతిపక్షంలోనూ కూర్చోబెట్టాడు. ఏ బిల్లు వచ్చినా ఆయన తరఫున ఒకరు ఔనంటారు, ఒకరు కాదంటారు. కూడితే సున్నా. ఆయన ఊరికి ఇన్నేళ్లలో దక్కింది కూడా అంతే గనుక లెక్క సరిపోయింది.

1950 నాటి ప్రజాప్రాతినిధ్య చట్టం 17వ సెక్షన్ ప్రకారం ఒక మనిషి పేరు రెండు నియోజకవర్గాల జాబితాలో ఉండకూడదు. మీకో నాకో రెండు కార్డులుంటే నోటీసు ఇంటికొస్తుంది. అక్కడ ఆ రెండో కార్డు ఇచ్చింది సర్కారే. 2025 సెప్టెంబర్‌లో రాహుల్ గాంధీ రాజురా జాబితాలో 6,850 దొంగ పేర్లు చేరాయని ఢిల్లీలో ఆరోపించారు. కెమెరాలన్నీ రాజురా అన్నాయి. అదే నియోజకవర్గంలో నిజం మనుషులకి నిజంగా ఉన్న రెండో ఓటు మాత్రం ఎవరికీ పట్టలేదు.

ఆ జనం రెండు చేతులా తింటున్నారని ఇక్కడ పట్నంలో ఫ్యాను కింద కూర్చుని అనేవాళ్లున్నారు. సిగ్గుండాలి. కార్డు కావాలని వాళ్లు రెండు సర్కార్ల కాళ్లు పట్టుకోలేదు. ఒకడు రేషన్ ఇస్తే రెండోవాడికి దడ, ఒకడు స్తంభం పాతితే రెండోవాడికి దురద. ఈ భూమి మాది అని చాటడానికి రెండు ప్రభుత్వాలూ మనుషుల్ని హద్దురాళ్లుగా పాతుకున్నాయి, అంతే. ఆ జనం అడిగేది మొదటి నుంచీ ఒకటే, దున్నుకునే భూమికి పట్టా. అది చేతిలో లేకపోతే పంట అప్పుకి బ్యాంకువాడు కుర్చీ కూడా చూపించడు. వడ్డీ వ్యాపారి చూపిస్తాడు, ఆ కుర్చీ ఖరీదెంతో అందరికీ తెలుసు. ఓటరు కార్డు రెండుసార్లు ఇవ్వగలిగిన రెండు ప్రభుత్వాలు ఒక్క పట్టా దగ్గరకొచ్చేసరికి అడవి అంటాయి, సర్వే అంటాయి, కోర్టు అంటాయి.

నేల సంగతి వచ్చింది గనుక, స్వామి నిత్యానంద 2019లో కైలాస అని ఒక దేశం ప్రకటించాడు. దీవి మేం అమ్మలేదు మొర్రో అంది ఈక్వడార్. అయినా దానికి జెండా ఉంది, రిజర్వు బ్యాంకు ఉంది, 2023లో అమెరికాలోని న్యూవార్క్ నగరం దానితో చెల్లెలి వరస కూడా కలిపి, నాలుక కరుచుకుని తెంపేసుకుంది. ఇంచు నేల లేనివాడికి ఇంత వైభవం! ఎడ్వర్డ్ సూస్ అనే ఆస్ట్రియా ఆయన ఆఫ్రికానీ, దక్షిణ అమెరికానీ, మన నేలనీ కలిపిన పురాతన ఖండానికి గోండ్వానా పేరు పెట్టాడు. ఆ పేరులో ఉన్న గోండుకి ఈ కొండ మీద మూడెకరాల కాగితం లేదు.

సరే, కలుపుకోండి. కలిపాక తెలంగాణ ఆసరా పింఛను 2,016 రూపాయలు తీసుకుంటున్న అవ్వ ఏం చేయాలో చెప్పారా? ఇక్కడ పింఛనుగా దొరికేది 1,500. తెలుగు బడిలో ఆరో తరగతి చదివే పిల్లాణ్ణి ఏ తరగతిలో కూర్చోబెడతారు? పట్టాలు విలీనానికి ముందా, తర్వాతా? ఈలోగా రెండు వైపులా స్థానిక ఎన్నికలు వస్తూనే ఉంటాయి. అక్కడ పంచాయతీ, ఇక్కడ జిల్లా పరిషత్. ప్రచార జీపులు మాత్రం ఏ సరిహద్దూ అడక్కుండా కొండెక్కుతాయి.