199 రూపాయల్లో స్వచ్ఛమైన గాలి

గాలిని శుభ్రం చేసే యంత్రం కొందామంటే షోరూములో వేలల్లో చెబుతారు. గాలి మీద అంత డబ్బు తగలేసే వంశం కాదు మాది. మీదీ కాదనే నమ్మకంతోనే ఈ చిట్కాలు రాస్తున్నాను. భీమడోలు సెంటర్లో టీ తాగి తిరిగొచ్చేలోపు దొరికే సామానుతో, రెండొందల నోటు మార్చి రూపాయి చిల్లర జేబులో వేసుకునేలా, ఇంట్లోనే ప్యూరిఫైయర్ కట్టుకోవచ్చు. పనిచేస్తుందా లేదా అన్నది తర్వాతి సంగతి. ముందు ఖర్చు తేలాలి కదండీ.

ఆలోచన మాత్రం మనది కాదు. 2020 ఆగస్టులో, కరోనా ముమ్మరంగా ఉన్న రోజుల్లో, అమెరికాలో రిచర్డ్ కోర్సీ అనే ఇంజనీరింగ్ ప్రొఫెసరు ఉపాయం చెబితే, టెక్సాస్‌లో ఫిల్టర్ల వ్యాపారం చేసే జిమ్ రోసెంతాల్ దాన్ని పెట్టెగా కట్టి చూపించాడు. నాలుగు పక్కలా నాలుగు ఫిల్టర్లు, అడుగున అట్ట, పైన చతురస్రపు ఫ్యాను, సందులన్నిటికీ టేపు. ఫ్యాను గాలిని పైకి తోలేస్తుంటే గదిలో గాలి ఫిల్టర్ల గుండా పెట్టెలోకి వస్తుంది. ఆ ఫిల్టర్లు మెర్వ్ 13 రకం. 0.3 నుంచి 1 మైక్రాను దాకా ఉన్న నుసిలో కనీసం సగాన్ని, 1 నుంచి 3 మైక్రాన్ల నుసిలో 85 శాతాన్ని పట్టుకుంటేనే ఆ పేరు ఇస్తారు. బడి పిల్లలు కూడా వీటిని కట్టేశారట.

మా అల్లుడు డల్లాస్ నుంచి ఫొటో పంపించి, "మామయ్యగారూ, పొగ రోజుల్లో అత్తయ్యగారికి దగ్గు వస్తుందన్నారుగా, ఇది కట్టించండి" అన్నాడు. అల్లుడి మాట తీసెయ్యలేం. అందుకని పద్ధతి అదే ఉంచి, సామాను ఒక్కటే మార్చాను.

పెట్టెకు అట్ట ఎందుకు? రొయ్యలకు ఐసు వేసి పంపే తెల్ల థర్మాకోల్ పెట్టెలు లేవూ? అంచు విరిగినవి చెరువుగట్ల మీద ఊరికే దొరుకుతాయి. కొన్నాళ్లు నీచు వాసన వస్తుంది. వాసన మీదాకా వస్తోందంటే గాలి ఆడుతున్నట్టే, కాబట్టి పరీక్ష కూడా అయిపోయింది. థర్మాకోల్‌కు నిప్పంటుకుంటే నల్లటి పొగ కక్కుతూ, కరిగి కారుతూ మండుతుంది. అందులో వేడెక్కే మోటారు బిగించడమేంటని మా ఆవిడ అడిగింది. ఆవిడ ప్రతిదానికీ అలాగే అడుగుతుంది.

ఫ్యాను విషయంలో మొహమాటం వద్దు. అటక మీద మెడ విరిగిన టేబుల్ ఫ్యాను లేని ఇల్లు మన జిల్లాలో ఉందా? టేబుల్ ఫ్యాను ఎదురులేని చోట గాలి విసరడానికి చేసింది. దానికి అడ్డం పెడితే రెక్కల కొసల దగ్గర గాలి వెనక్కి తిరిగిపోతుంది. అందుకే అమెరికా వాళ్లు గుండ్రటి కంత కోసిన అట్టను ఫ్యాను మీద మూతగా అంటించి మూలలు మూసేస్తారు. మనం ఆ అట్ట కూడా మిగిల్చాం. ఫ్యాన్లు బాగుచేసే కుర్రాణ్ణి పిలిచి బిగించమంటే, పెట్టెను అటూ ఇటూ తిప్పి చూసి అడిగాడు:

"బాబాయ్ గారండీ, సందులకు టేపు వెయ్యమంటారా?"

"ఎంతవుతుంది?"

"చుట్ట నలభై అండి."

"వద్దు. గాలి ఆడనీ."

"టేపు లేకపోతే గాలంతా సందుల్లోంచే పోద్దండి. ఫిల్టర్లోంచి పోదండి."

"ఎటోకటు పోతుంది కదా!"

కుర్రాడు ఇంకేం మాట్లాడలేదు. గాలి ఎప్పుడూ సులువైన దారే వెతుక్కుంటుందని, వేలు దూరే సందు ఒక్కటున్నా ఎంత మంచి ఫిల్టరైనా దండగేనని వాడి అభిప్రాయం కాబోలు. నలభై రూపాయలు మిగిలాయన్నది నా అభిప్రాయం.

ఇక ఫిల్టరు. అసలు ఖర్చంతా దీనిదే, కనక అసలు పొదుపు కూడా ఇక్కడే చూపించాలి. ప్యూరిఫైయర్లలోకి స్పేరుగా అమ్మే హెపా ఫిల్టరు ఒకటి కొని, ఫ్యానుకు గట్టిగా బిగించి, చుట్టూ మూసేస్తే చిన్న గదికి చాలావరకు పని జరిగిపోతుంది. అలాంటి తేలిక మార్గాలు చెప్పడానికి నేనెందుకు?

హైవే పక్క మెకానిక్ షెడ్ల వెనక, లారీల నుంచి పీకేసిన ఎయిర్ ఫిల్టర్లు పడుంటాయి. కంప్రెసర్‌తో రెండుసార్లు గాలి కొట్టిస్తే మసి రాలి లోపలి కాగితం మడతలు కనబడతాయి. డీజిల్ ఇంజను దమ్ము పట్టి పీలుస్తుంది కాబట్టి ఆ దట్టమైన కాగితంలోంచి కూడా గాలి లాక్కుంటుంది. మన టేబుల్ ఫ్యానుకు అంత ఊపిరెక్కడిది? బిగించాక అవతలివైపు చెయ్యి పెడితే చెమట కూడా ఆరదు. దీన్ని లోపం అనుకోకండి. అసలు గాలే బయటికి రాకపోతే అందులో దుమ్ము వచ్చే ప్రసక్తి లేదు.

అంత దూరం పోలేనివాళ్లకు పాత నేత చీర ఉంది. దీనికి శాస్త్రం దన్ను కూడా ఉందండోయ్. బంగ్లాదేశ్‌లోని మట్లాబ్ పల్లెల్లో పాత చీరను మడతలు పెట్టి నీళ్లు వడకట్టుకుంటే కలరా దాదాపు సగానికి తగ్గిందని రీటా కోల్వెల్ బృందం 2003లో ప్రకటించింది. నీళ్లకు పనికొచ్చిన చీర గాలికి పనికిరాదా? అక్కడ చీరకు చిక్కింది కలరా క్రిమి ఒంటరిగా కాదు, ఆ క్రిమి అంటిపెట్టుకుని బతికే నీటిపురుగుతో సహా. ఆ పురుగు రొయ్య జాతిదే. రొయ్య జాతి గుడ్డకు చిక్కుతుందని కొల్లేరు వాళ్లకు బంగ్లాదేశ్ వాళ్లొచ్చి చెప్పాలా! పొగలో ఉండే నుసి మాత్రం వేరు. ఊపిరితిత్తుల అడుక్కంటా పోయేది 2.5 మైక్రాన్ల లోపుది, తలవెంట్రుక మందంలో పాతికో వంతు. చీర నేతలో సందు దానికి సింహద్వారం. పైగా హెపా ఫిల్టరు కూడా జల్లెడ కాదంటారు. పెద్ద నలుసులు సన్నటి పోగులకు గుద్దుకుని అంటుకుంటాయి. మరీ చిన్నవి తిన్నగా పోలేక అటూ ఇటూ తూలుతూ పోగులకు తగిలి ఆగిపోతాయి. ఎటూ కాని 0.3 మైక్రాన్ల దగ్గరే తప్పించుకోవడం ఎక్కువ. అందుకే ఆ కష్టమైన సైజు దగ్గర కొలిచి, 99.97 శాతం ఆగితేనే హెపా అన్నారు. అయితే ఇంకేం, అదీ జల్లెడ కాదు, చీరా జల్లెడ కాదు.

నాకు అన్నిటికన్నా నచ్చింది మాస్కుల బొంత. కరోనా నాడు కొని బీరువాలో మిగిలిన మాస్కులుంటాయి కదా, వాటిని సబ్బునీళ్లలో నానబెట్టి, బండకేసి ఉతికి, ఎండేసి, బొంత కుట్టినట్టు వరసగా కుట్టెయ్యండి. మాస్కు మధ్య పొరలో ఉండే పాలీప్రొపిలిన్ పోగులకు తయారీలోనే స్థిర విద్యుత్తు ఎక్కిస్తారు. నుసిని లాగి పట్టుకునేది చాలావరకు అదే. సబ్బుతో ఉతికితే ఆ విద్యుత్తు దిగిపోతుంది. దిగిపోనివ్వండి! ఉతకని గుడ్డ ఇంట్లో పెట్టుకుంటే లోకం ఏమనుకుంటుంది?

వాసన పోవాలంటే బొగ్గు కావాలి. హెపా అయినా నుసిని పడుతుంది గానీ వాయువుల్ని పట్టదు. కంపెనీ వాళ్లు కొబ్బరి చిప్పల బొగ్గును బాగా కాగిన ఆవిరితో కోట్ల కంతలు పడేలా తయారుచేసి వేస్తారు. ఇస్త్రీ బండి దగ్గర సాయంత్రం మిగిలిన బొగ్గులు చాలు మనకి. ఫ్యాను వెయ్యగానే బూడిద లేచి మొహాన కొడుతుంది. మొదటి రోజు పక్కింటి వాళ్లను కూర్చోబెట్టండి.

గది ఎంపిక గురించి రెండు ముక్కలు. పదడుగులు, పన్నెండడుగులు, పదడుగుల ఎత్తు గదిలో 1,200 ఘనపుటడుగుల గాలి ఉంటుంది. గంటకు అయిదుసార్లు మొత్తం గాలి వడపోతకు రావాలంటే నిమిషానికి 100 ఘనపుటడుగుల శుభ్రమైన గాలి బయటికి రావాలి, అదీ తలుపులు, కిటికీలు మూసి ఉంటే. మన ఉక్కలో కిటికీలు మూస్తారా ఎవరైనా? బార్లా తెరవండి. పెంకుటిల్లయితే మరీ మంచిది, పెంకుల సందుల్లోంచి బయటి గాలి వస్తూనే ఉంటుంది, మీ పెట్టెకు పని లేకుండా పోయే ప్రమాదమే ఉండదు. రైలు గేటు పడినప్పుడు ఇంజన్లు ఆపకుండా నిలబడే బండ్ల పొగ కూడా కాస్త అందేలా చూసుకుంటే ఇంకా బాగా ఆడుతుంది.

మొక్కల సలహా చెప్పేవాళ్లు కొందరు తగులుతారు. 1989లో నాసా వాళ్లు మూసిన పెట్టెల్లో మొక్కలు పెట్టి కొన్ని రసాయన ఆవిర్లు తగ్గాయన్నారు, అప్పట్నుంచీ ఈ గోల. 2019లో కమింగ్స్, వేరింగ్ అనే ఇద్దరు పాత ప్రయోగాలన్నీ తిరగేసి, మామూలు ఇంట్లో కిటికీ సందుల గాలితో సమానంగా పనిచెయ్యాలంటే చదరపు మీటరుకు 10 నుంచి 1,000 మొక్కలు కావాలని లెక్క తేల్చారు. అంటే పైన చెప్పిన గదికి తక్కువలో తక్కువ నూటపది కుండీలు. కడియం నుంచి ట్రాలీ ఆటో మాట్లాడుకుని, మంచం వరండాలో వేసుకుంటే సరిపోతుంది.

కొల్లేరే ఉండగా వేరే ప్యూరిఫైయర్ ఎందుకని మా వీధిలో ఓ పెద్దాయన వాదన. 308 చదరపు కిలోమీటర్ల అభయారణ్యం, 2002లో రామ్‌సర్ జాబితాకెక్కిన సరస్సు, పొగనంతా కడిగేస్తుందట. సరస్సు వరద నీటిని ఆపుతుంది, మురికిని కొంత పట్టుకుంటుంది. పొగను పిలిచి స్నానం చేయించడం దాని పనుల్లో లేదు. ఎండాకాలం లంకల వైపు కిక్కిస గడ్డి అంటుకుంటే పొగ అక్కణ్ణుంచే మన మీదికొస్తుంది. అయినా పెద్దాయన మాట కాదనకండి, ఆ పద్ధతిలో 199 కూడా ఖర్చు కాదు.

పెట్టె పనిచేస్తోందో లేదో తెలుసుకోవడానికి మీటరు కొనొద్దు. కొంటే అది చెప్పింది వినాలి. 2.5 మైక్రాన్ల లోపు నుసి రోజు సగటున ఘనపు మీటరుకు 15 మైక్రోగ్రాములు దాటకూడదని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2021లో అంది. మన దేశపు ప్రమాణం 60. మన ఊపిరితిత్తులు ఈ దేశానివే కనక నాకు 60 నచ్చుతుంది. మీటరు బదులు ఊదువత్తి వెలిగించి ఫ్యాను ముందు పట్టుకోండి. పొగ చెదిరిపోయి కనబడకుండా పోతుంది. కనబడనిది లేనట్టే. ఈ సిద్ధాంతం మీదే మిల్లు ఊక బూడిదను కూడా కొలుస్తాం మనం. ఆరేసిన పంచె మీద నల్లగా పడితే కాలుష్యం, పడకపోతే లేదు. కంటికి కనబడని నుసి పంచె మీద ఎలాగూ వాలదు, ముక్కులోకే పోతుంది.

పడుకునేముందు పెట్టె వెనక దోమల కాయిల్ పెట్టడం మరిచిపోవద్దు. ఒక్క కాయిల్ నుంచి వచ్చే సన్నటి నుసి 75 నుంచి 137 సిగరెట్ల నుసితో సమానమని 2003లో ఒక పరిశోధనలో కొలిచారు. ఇంత పొగ మనమే సమకూర్చకపోతే రాత్రంతా ఫ్యాను ఊరికే తిరుగుతుంది, కరెంటు దండగ. దోమతెర అంటారా? అందులో చేసేందుకు ఏముంటుంది, కట్టుకుని పడుకోవడమే.

ఇక సార్వా కోతల సంగతి. చెయ్యికోత నాడు గడ్డి కుప్ప వేసుకునేవాళ్లం, గేదెలు తినేవి. మిషను కోసిపోతే గడ్డి చేలో చెల్లాచెదురుగా పడుంటుంది. కట్టలు కట్టే మిషనుకు డబ్బు ఇవ్వాలి, దాళ్వాకు తొందర. అగ్గిపుల్ల ఒక్కటి చాలు, అంతకన్నా చవకైన పద్ధతి ఎవడు కనిపెట్టాడు? టన్ను గడ్డి తగలెడితే మూడు కిలోల నుసి, అరవై కిలోల కార్బన్ మోనాక్సైడు లేస్తాయని లెక్కలు చెబుతాయి. గడ్డిలో ఉన్న నత్రజని, టన్నుకు అయిదారు కిలోలు, దాదాపుగా అంతా పొగతో పాటే పోతుంది. దాని బదులు యూరియా కొట్టులో దొరుకుతుంది. చలికాలం తెల్లవారుజామున నేల దగ్గర గాలి చల్లగా, పైన కాస్త వెచ్చగా ఉంటుంది కాబట్టి పొగ పైకి లేవదు, మంచులో కలిసి ఊరి మీదే పరుచుకుంటుంది. అడిగినవాళ్లకు మంచే అని చెప్పండి. సంక్రాంతికి భోగిమంటలో పాత టైర్లు వేసినప్పుడు కూడా ఇదే జవాబు.

మా చేను అంటించేది రేపు సాయంత్రం. మా ఆవిడ పడకగదిలో పెట్టె సిద్ధం చేసి ఉంచాను. రెండో నంబరులో పెట్టమన్నాను. మూడులో పెడితే బిల్లు ఎక్కువొస్తుంది.