కార్తీక పున్నమి నాటి తప్పు

ఎచ్చెర్ల మండలంలో పెళ్లి వీడియోలు తీసి బతికేవాణ్ణి. మనసు మాత్రం సినిమా కెమెరా మీదే ఉండేది. నా దేవుడు మార్కస్ బార్ట్లీ. ఆంగ్లో ఇండియన్ ఛాయాగ్రాహకుడు. ‘స్వర్గసీమ’ (1945), ‘పాతాళ భైరవి’ (1951), ‘మిస్సమ్మ’ (1955), ‘మాయాబజార్’ (1957), ‘గుండమ్మ కథ’ (1962) ఆయన కన్నుతో చూసినవే. మలయాళంలో ‘చెమ్మీన్’ (1965) కూడా ఆయనదే. జాలరుల కథ, రాష్ట్రపతి స్వర్ణపతకం తెచ్చుకున్న సినిమా. బుడగట్లపాలెం తీరంలో వలలు ఆరేసి ఉంటే నాకు అదే గుర్తొచ్చేది.

అక్కడ ఒక ముసలి తాత నన్ను పిలిచాడు. “బాబూ, ఈ తెప్పని అమ్మీసినాను. ఫైబరు బోటు కొంటన్నాం. పోయీముందు ఒక్కపాలి సినిమాలోలాగ తీసియ్యవా?”

మాయాబజార్‌లో వెన్నెల్లో సాగే పడవ పాట కళ్లముందు మెరిసింది. కార్తీక పున్నమి రాత్రి తీస్తానన్నాను.

చిలకపాలెంలో ఫొటో స్టూడియో నడిపే మావయ్య వద్దన్నాడు. “పొద్దున్నే తియ్యరా. సూర్యుణ్ణి తెప్ప వెనకాల పెట్టు, ఎక్స్‌పోజర్ తగ్గించు, ఆకాశం ఫ్రేములో పడనీకు. అదే వెన్నెలవుద్ది.” ఆ మాట నాకు మోసంలా వినిపించింది. బార్ట్లీ వెన్నెలని నమ్మాడు, నేనూ నమ్ముతానన్నాను. మావయ్య మరి మాట్లాడలేదు.

ఆ రాత్రి కెమెరా వెనక స్క్రీన్ మీద అంతా అందంగానే కనిపించింది. చీకట్లో ఆ స్క్రీన్ వెలుగు కంటిని ఎంత మోసం చేస్తుందో నాకు తెలీదు. నిండు పున్నమి వెలుగు ఎండలో దాదాపు 4 లక్షలవ వంతే. ఇంటికొచ్చి కంప్యూటర్లో చూస్తే నలుపు, ఆ నలుపు మీద ఇసక చల్లినట్టు చుక్కలు. మాయాబజార్ నాటి ఫిల్ము అసలు వెన్నెలని పట్టగలిగేదే కాదు. తెర మీద మనం చూసిన వెన్నెల బార్ట్లీ తన చేత్తో తయారుచేసింది. పేరు జపించాను కానీ ఆయన పనేమిటో ఒక్కరోజూ అడగలేదు.

అక్కడితో ఆగినా బాగుండేది. తాతకి మెమరీ కార్డు పాడైపోయిందని చెప్పాను. రెండు వారాలు అదే అబద్ధం. ఈలోగా తెప్ప వెళ్లిపోయింది.

ఆ ఫైలు చెరపలేకపోయాను. చాన్నాళ్లకి మళ్లీ మొదట్నుంచి చూస్తే ఒకచోట, రెండు సెకన్లపాటు, తాత చుట్ట వెలిగించుకుంటున్నాడు. అగ్గిపుల్ల వెలుగులో నుదుటి ముడతలు, తెల్ల మీసం, గాలికి అడ్డం పెట్టిన అరచెయ్యి. ఆ రాత్రి మొత్తానికి నాకు దక్కిన బొమ్మ అదొక్కటే.

ప్రింటు వేయించి పట్టుకెళ్లాను. కార్డు సంగతి అబద్ధమని చెప్పాను. తాత ఫొటోని ఎండకేసి పట్టుకుని చాలాసేపు చూశాడు.

“ఇది నానే,” అన్నాడు. “నా తెప్పేది బాబూ?”