దిమ్మె లెక్క: సటీకా తాత్పర్యము

మూలము: నున్నని క్షితిజ సమాంతర తలముపై నిశ్చలముగానున్న 5 కి.గ్రా. దిమ్మెపై 20 న్యూటన్ల క్షితిజ సమాంతర బలము ప్రయోగించిరి. దిమ్మె త్వరణమెంత? (జి = 10 మీ/సె²)

అవతారిక: గమన నియమాల అధ్యాయం పూర్తిచేసిన శిష్యుడి బుద్ధిని పరీక్షించగోరి, పేరు చెప్పుకోని పరీక్షకుడొకరు ఈ లెక్క పలుకుతున్నారు.

ప్రతిపదార్థము: నున్నని = ఘర్షణ లేశమైనను లేనట్టి; క్షితిజ సమాంతర = ఏ వైపునకును వాలనట్టి; తలముపై = బల్లయో గచ్చో, ఏదో ఒకదానిపై; నిశ్చలముగానున్న = తొలివేగము సున్నయైన; 5 కి.గ్రా. = వేగము మార్చబోయినచో అంతటి మొండితనము చూపెడి; దిమ్మెపై = లోపల ఏమున్నదో ఎవ్వరును విప్పి చూడని వస్తువుపై; 20 న్యూటన్ల బలము = రెండు కిలోల బియ్యపు సంచి చేతిని క్రిందికి లాగునంతటి బలమును; ప్రయోగించిరి = ఎవరో, ఎందులకో, నెట్టిరి; త్వరణము = సెకను సెకనుకు వేగమందలి పెంపు; ఎంత = పరీక్షకునకు తెలిసియు మనలనడుగునది.

తాత్పర్యము: 20ని 5 చేత భాగింపగా 4 మీ/సె². నెట్టుట మానకున్న మూడు సెకన్లలో దిమ్మె 18 మీటర్లు పోవును. అంత పొడవు బల్ల ఎచ్చట దొరకునో మూలకారుడు చెప్పలేదు.

విశేషములు: ఇక్కడ పూర్వపక్షి లేచి, 'జి విలువ ఎందుకిచ్చారు? ఉత్త పాదపూరణమా?' అంటాడు. న్యాయమైన ప్రశ్నే. భూమి దిమ్మెను 50 న్యూటన్లతో కిందికి లాగుతోంది. తలం అంతే బలంతో పైకి మోస్తోంది. రెండూ చెల్లు. కాబట్టి ఈ పాఠంలో జికి పనిలేదు. ఇచ్చిన అంకెలన్నీ వాడకపోతే పాపమని నమ్మే శిష్యుల కోసం వేసిన గాలం అది.

ఇక సూత్రం సంగతి. తరగతి గదుల్లో 'ఎఫ్ ఈజ్ ఈక్వల్ టు ఎమ్ ఏ' అని వల్లె వేస్తారు. 1687 నాటి ప్రిన్సిపియాలో న్యూటన్ దాన్ని ఈ రూపంలో రాయలేదు. చలనంలో మార్పు ప్రయోగించిన బలానికి అనులోమంగా ఉంటుందని మాటల్లో చెప్పాడు. సమీకరణంగా తీర్చినవారిలో ముఖ్యుడు తరువాతి శతాబ్దపు ఆయిలర్. సూత్రం పొట్టిదైపోయాక అసలు కీలకాన్ని అధ్యాహారం చేసుకోవాల్సి వచ్చింది: ఎఫ్ అంటే ఏదో ఒక బలం కాదు, అన్ని బలాలూ కలిసి మిగిల్చిన ఫలిత బలం. కొందరు 'ఎమ్ ఏ' కూడా ఒక బలమేననుకుని పటంలో దానికీ ఒక బాణం గీస్తారు. అది బలాల జాబితాలోది కాదు, ఆ జాబితా మొత్తానికి వచ్చిన ఫలితం. ఆ బాణాన్ని ఏ వ్యాఖ్యాతా సమర్థించలేడు.

పాఠాంతరము: 'నున్నని'కి బదులు 'గరుకు' అని కొన్ని ప్రతుల్లో ఉంది, ఘర్షణ గుణకం 0.2. నిద్రపోతున్న జి ఇక్కడ లేస్తుంది. ఘర్షణ 0.2 × 50 = 10 న్యూటన్లు, ఫలిత బలం 10, త్వరణం 2. ఒక్క విశేషణం మారితే త్వరణం సగమైపోయింది.

గుణకం 0.5 అన్న పాఠం మరీ ప్రమాదకరం. శిష్యుడు 0.5 × 50 = 25 అని, 20లోంచి 25 తీసి, మైనస్ 5ను ద్రవ్యరాశితో భాగించి, త్వరణం మైనస్ 1 అని ధైర్యంగా రాస్తాడు. అంటే దిమ్మెను ముందుకు నెడితే అది వెనుదిరిగి నెట్టినవాడి మీదికే వస్తుందన్నమాట! ఘర్షణకు అంత పౌరుషం లేదు. 25 అనేది అది నిలువరించగల గరిష్ఠం మాత్రమే. 20తో నెడితే 20తోనే ఎదురు నిలుస్తుంది, 7తో నెడితే 7తోనే. కావున ఫలిత బలము సున్న, త్వరణము సున్న; దిమ్మె ఉన్నచోటనే ఉన్నదని తాత్పర్యము.