బీచ్ వదిలేయండి, గైడు అడిగినంత ఇచ్చేయండి

విశాఖపట్నం చరిత్రను గైడు వెంట తిరిగి ఒక్క రోజులో చూడాలనుకుంటున్నారా? అయితే ఆ రోజు ఆర్కే బీచ్‌కు వెళ్లకండి. కైలాసగిరి ఎక్కకండి. సింహాచలం దర్శనం కూడా పెట్టుకోకండి. పొద్దున్నే గోపాలపట్నంలో బయల్దేరి, సిటీ బస్సెక్కి, పాత పోస్టాఫీసు దగ్గర దిగి, చీకటి పడేదాకా వన్‌టౌన్ వీధులు వదలకండి. అప్పన్న కొండ నీడలో బతుకుతూ ఆ దర్శనమే వద్దంటున్నానని మా చుట్టాలు నన్ను వింతగా చూస్తారు. చూడనివ్వండి. ఊరికి వచ్చే ప్రతివారికీ నేను చెప్పేది ఇదే. ఎందుకో కూడా చెబుతాను.

మామూలు ప్యాకేజీ అందరికీ తెలిసిందే. పొద్దున్నే కారు వస్తుంది. సింహాచలం, కైలాసగిరి, జలాంతర్గామి, విమానం మ్యూజియం, తొట్లకొండ, రుషికొండ, ఓపిక మిగిలితే భీమిలి. వీటిలో తీసిపారేయదగ్గది ఒక్కటీ లేదు. కుర్సురా 1969 నుంచి 2001 దాకా నౌకాదళంలో నిజంగా పనిచేసిన జలాంతర్గామి. తొట్లకొండ బౌద్ధారామం 1976లో నౌకాదళం సర్వే చేస్తుండగా బయటపడింది. భీమిలిలో డచ్చివాళ్ల సమాధులున్నాయి. కానీ ఇవన్నీ ఒక్క రోజులో చుట్టేసినవారిని మర్నాడు అడిగి చూడండి. జలాంతర్గామి లోపల ఇరుకుగా ఉందంటారు, కొండ మీద గాలి బాగుందంటారు, ట్రాఫిక్ చంపేసిందంటారు. ఈ ఊరు ఇక్కడే ఎందుకు పెరిగింది, ఎన్ని చేతులు మారింది, రేవు ఎలా వచ్చింది అన్నవి ఆ జాబితాలో ఎక్కడా తగలవు. అవి తగిలే చోటంతా కలిపితే చదరపు మైలు ఉంటుందేమో. ప్యాకేజీ కార్లు దాని పక్క నుంచే వెళతాయి, లోపలికి తిరగవు.

గోపాలపట్నంలో మొదలుపెట్టడానికి ఏముందని అడుగుతారు. సింహాచలం రైల్వేస్టేషన్ ఉంది. పేరు కొండదే గానీ స్టేషన్ ఉన్నది మా ఊళ్లో. ప్లాట్‌ఫారం టికెట్టు కొనుక్కుని గైడుతో మొదటి అరగంట అక్కడ గడపండి. ఇనుప ఖనిజం నింపుకున్న గూడ్సు బళ్లు ఈ దారినే రేవుకు పోతుంటాయి. ఆ ఖనిజం బస్తర్‌లోని బైలదిల్లా కొండలది. 1960లలో అరకు కొండల్లో సొరంగాలు తొలిచి కొత్తవలస నుంచి కిరండూల్‌కు లైను వేసింది ప్రధానంగా దాన్ని జపాన్‌కు ఎగుమతి చేయడానికే. అదే జపాన్ విమానాలు 1942 ఏప్రిల్ 6న విశాఖ రేవు మీద బాంబులు వేశాయి. జనం మూటాముల్లె సర్దుకుని పల్లెలకు పరుగెత్తారు. పాతికేళ్లు గడిచేసరికి అదే రేవు నుంచి అదే దేశానికి ఓడల కొద్దీ ఖనిజం వెళుతోంది. పేలకుండా మిగిలిన బాంబు ఒకటి విశాఖ మ్యూజియంలో ఉంది, దాన్ని ఇంకో రోజు చూడొచ్చు. ముందు ఈ గూడ్సు బండిని చూడండి.

అక్కడికి దగ్గర్లోనే ఆర్‌.ఆర్‌. వెంకటాపురం. 2020 మే 7 తెల్లవారుజామున ఎల్‌జీ పాలిమర్స్ ఫ్యాక్టరీ నుంచి స్టైరీన్ ఆవిరి లీకై 12 మంది చనిపోయారు, వందలమంది ఆస్పత్రుల పాలయ్యారు. సరదాగా తిరగడానికి వచ్చినవారికి ఆ ఊసెందుకని గైడు దాటేయబోతాడు. దాటనివ్వకండి, ఆ సంగతి అడిగి చెప్పించుకోండి. రేవు వచ్చింది గనుక పరిశ్రమలు వచ్చాయి, పనికోసం మనుషులు వచ్చారు, ఫ్యాక్టరీ గోడలకు ఆనుకుని ఇళ్లు లేచాయి. ఈ ఊరి చరిత్రలో అదీ భాగమే. అయితే ఆ వీధిలోకి వెళ్లి ఫోను పైకెత్తకండి. అక్కడ ఇప్పటికీ జనం కాపురాలు చేసుకుంటున్నారు.

ఇక సింహాచలం. అక్కడి పాత శాసనం 11వ శతాబ్దం చివరిది, కులోత్తుంగ చోళుడి కాలం నాటిది. 13వ శతాబ్దంలో తూర్పు గాంగులు గుడిని పెంచి కట్టారు, కోణార్క కట్టించిందీ ఆ వంశమే. కృష్ణదేవరాయలు 1516లో ఒకసారి, 1519లో మరోసారి వచ్చి కానుకలు సమర్పించాడు. ఏడాది పొడవునా చందనంలో ఉండే స్వామి నిజరూపం ఒక్క అక్షయ తృతీయ నాడే కనిపిస్తుంది. ఇంతటి గుడిని క్యూలో తోసుకుంటూ గంటన్నరలో ముగించి, ప్రసాదం పొట్లం పట్టుకుని కారెక్కడం నాకు అపచారంగా తోస్తుంది. దానికి పూర్తిగా ఒక రోజు ఇవ్వండి. కప్పస్తంభాన్ని కౌగిలించుకోండి, మండపం రాళ్ల మీది శిల్పాలను తీరిగ్గా చూడండి. వీలైతే ఆషాఢ పౌర్ణమికి రండి. కొండ చుట్టూ 32 కిలోమీటర్ల గిరి ప్రదక్షిణ మా గోపాలపట్నం మీదుగానే సాగుతుంది. రాత్రంతా జనం చెప్పుల్లేకుండా నడుస్తుంటే రోడ్డు పొడుగునా మజ్జిగ, మంచినీళ్లు అందిస్తారు. ఆ రాత్రికి ఏ గైడూ అక్కర్లేదు.

కారు మాట్లాడకండి. ఏసీ కారైతే మరీ వద్దు. పాత పోస్టాఫీసుకు వెళ్లే బస్సెక్కి గైడును కిటికీ పక్కన కూర్చోబెట్టండి. ఎన్ఏడీ, మర్రిపాలెం, కంచరపాలెం, కాన్వెంట్ జంక్షన్, తర్వాత పోర్టు గోడ. బస్సు నెమ్మదిగా పోతుందని చిరాకు పడకండి. కాన్వెంట్ దాటాక బొగ్గుపొడి గాలిలో తెలుస్తుంది, మెడ మీద చెమట తుడుచుకుంటే చేతిరుమాలు నల్లబడుతుంది. పాతపట్నం జనం ఏళ్ల తరబడి మొత్తుకుంటున్నది ఆ పొడి గురించే. అద్దాలు మూసుకున్న కారులో కూర్చున్నవారికి ఆ మొర ఎక్కదు.

గైడు దగ్గర బేరం ఆడకండి. అడిగినంత ఇస్తానని ముందే చెప్పి, బదులుగా ఒక షరతు పెట్టండి: బస్సు దిగాక మొదటి గంట ఆయన నోరు తెరవకూడదు. ఆ గంటలో మీకు పుట్టిన ప్రశ్నలకే తర్వాత జవాబులు చెప్పాలి. వినడానికి మొండిగా ఉంటుందని నాకూ తెలుసు. కానీ బస్సు దిగిన నిమిషం నుంచి వల్లెవేసిన ప్రసంగం మొదలైతే మీ కళ్లు పనిచేయడం మానేస్తాయి. ఇంగ్లిష్, హిందీ దడదడలాడించేవారికన్నా వన్‌టౌన్‌లో పుట్టి పెరిగిన ముసలాయన మేలు. పోర్టులో పనిచేసి రిటైరైనవారు, బడిపంతుళ్లు, కోటవీధి దుకాణదారులు ఎంతోమంది ఉన్నారు. వారికి తేదీలు తడబడొచ్చు, వీధులు తడబడవు. తేదీలు తెలిసినవారు కావాలంటే ఇంటాక్ విశాఖ శాఖవారు నిర్వహించే హెరిటేజ్ నడకల గురించి వాకబు చేయండి. ఏ గైడైనా మీ ప్రశ్నకు “నాకు తెలీదండీ, కనుక్కుని చెబుతాను” అన్నాడంటే ఆయన్ని వదలకండి. అన్నిటికీ తడుముకోకుండా జవాబు చెప్పేవారి దగ్గర మాత్రం జాగ్రత్తగా ఉండండి. అలాంటివారు ఈ ఊళ్లో ప్రతి రాతి గోడనూ డచ్చివాళ్లకు కట్టబెట్టేస్తారు. డచ్చివాళ్ల స్థావరం భీమిలి. ఇక్కడ 1682లో ఫ్యాక్టరీ, అంటే వర్తక కొఠీ, పెట్టింది ఇంగ్లీషువాళ్లు.

పాత పోస్టాఫీసు దగ్గర దిగాక తొందర పడకండి. విక్టోరియా రాణి కంచు విగ్రహం, కురుపాం జమీందారుల పేరు మోసే మార్కెట్టు, వెల్లుల్లీ ఎండుమిర్చీ వాసనలు, బంగారు కొట్లు, కోటవీధి. కోట ఇప్పుడు లేదు. 1757లో ఫ్రెంచి సేనాని బుస్సీ పట్టుకున్న కోట అది. మరుసటేడు విజయనగరం ఆనందరాజు దాన్ని ఫ్రెంచివాళ్ల చేతిలోంచి లాగి ఇంగ్లీషువాళ్లకు అప్పగించాడు. ఈ మాట అక్కడ నిలబడి వినండి. ఒక సంస్థానాధీశుడు ఏ పక్షం ఎంచుకున్నాడో, దానివల్ల ఉత్తర సర్కారుల జాతకం ఎలా మారిందో ఆ ఇరుకు వీధిలో ఆలోచిస్తే మనసుకు పడుతుంది.

పాత యూరోపియన్ శ్మశానం తలుపుకు తాళం ఉండొచ్చు. తాళం చెవి ఎవరి దగ్గరుందో కనుక్కోవడానికి అరగంట పట్టినా సరే, కనుక్కోండి. లోపల శిఖరాల్లా పైకి లేచిన పాత సమాధులున్నాయి. అక్కడ గైడును అడగాల్సింది 1780 అక్టోబరు 3 గురించి. హైదరలీ మీద యుద్ధానికి ఓడెక్కి మద్రాసు వెళ్లమని కంపెనీవారు విశాఖలోని సిపాయిలకు హుకుం ఇస్తే, వారు ఎక్కబోమని తిరగబడి తెల్ల అధికారులను కాల్చారు. మనం బడిలో చదువుకున్న 1857కు అది 77 ఏళ్ల ముందు. ఈ ఒక్క సంగతి ఊళ్లో పెరిగే పిల్లలందరికీ తెలియాలని నా కోరిక. గైడుకు తెలియకపోతే మీరే ఆయనకు చెప్పండి.

తర్వాత కొండలు. ఎండగా ఉందని వాయిదా వేయకండి, గొడుగు పట్టుకుని ఎక్కండి. పక్కపక్కనే మూడు ఉంటాయి: రాస్ కొండ మీద మేరీమాత చర్చి, ఇంకోదాని మీద ఇసాక్ మదీనా దర్గా, మూడోదాని మీద వేంకటేశ్వరుడి గుడి. మూడూ ఎక్కాలి. మత సామరస్యానికి గుర్తుగా ఈ కొండలను పొగడటం అందరూ చేస్తారు, ఆ పొగడ్త న్యాయమైనదే. నేను ఎక్కమనడానికి ఇంకో కారణం కూడా ఉంది. అక్కణ్నుంచి ఓడలు రేవులోకి వచ్చే కాలువ కనిపిస్తుంది, కాలువకు అవతల డాల్ఫిన్ నోస్ కొండ సముద్రంలోకి చొచ్చుకుని కనిపిస్తుంది. ఆ కొండ చాటున్న ఉప్పు చిత్తడి నేలను తవ్వి లోపలి రేవు చేశారు. 1933 అక్టోబరు 7న మొదటి ఓడ జలదుర్గ లోపలికి వచ్చింది. మధ్యపరగణాల మాంగనీసు ఖనిజానికి సముద్రపు దారి కావలసి వచ్చి ఈ రేవు పుట్టింది. పొద్దున గోపాలపట్నంలో చూసిన గూడ్సు బండి ఎక్కడికి వెళ్లిందో అప్పుడు అర్థమవుతుంది.

కాలువ మూతి దగ్గర ఇసుక మేట వేయకుండా, రేవు కట్టే రోజుల్లోనే రెండు పాత ఓడలను రాళ్లతో నింపి ముంచి అడ్డుకట్టగా వాడారు. మన తీరంలో ఇసుక దక్షిణం నుంచి ఉత్తరానికి జరుగుతూ ఉంటుంది. దాని దారికి అడ్డుకట్టలు వచ్చాక ఉత్తరాన ఉన్న ఆర్కే బీచ్ కోతకు గురవుతోంది. పోర్టువారు పూడిక తీసిన ఇసుకను గొట్టాలతో బీచ్‌కు పంపుతుంటారు. అంటే బీచ్‌కు ఏమవుతోందో తెలియాలన్నా రాస్ కొండే ఎక్కాలి. ఇదే నీళ్లలో 1804 సెప్టెంబరు 15న ఫ్రెంచి నౌకాధిపతి లినోవా మూడు యుద్ధనౌకలతో వచ్చి, లంగరేసి ఉన్న సెంచూరియన్ అనే ఇంగ్లీషు నౌక మీద విరుచుకుపడ్డాడు. పాకిస్తాన్ జలాంతర్గామి గాజీ కథ ప్రతి గైడూ చెబుతాడు, ఈ కథ చెప్పేవారు అరుదు.

బురుజుపేట కనకమహాలక్ష్మి గుడిని చివరికి ఉంచుకోండి. జనం లేని రోజు చూసుకుని వెళ్లమని అందరూ చెబుతారు. నేను మార్గశిర గురువారం వెళ్లమంటాను, రద్దీ విపరీతంగా ఉన్న రోజునే. అమ్మవారి మీద పైకప్పు ఉండదు, ఆకాశమే. ఆడవాళ్లు తమ చేతులతోనే పసుపు కుంకుమ అద్దుతారు, మధ్యన పూజారి అక్కర్లేదు. పుట్టిన బిడ్డను తెచ్చి చూపిస్తారు, పెళ్లి శుభలేఖ మొదట ఇక్కడ పెడతారు. ఆ రద్దీలో గంట నిలబడితే కొఠీలకూ కోటలకూ అవతల ఈ ఊరు ఎవరిదో తెలుస్తుంది. వరసలో మీ ముందున్న మామ్మగారిని పలకరించండి, ఏ గైడూ చెప్పని సంగతులు చెబుతుంది.

భోజనం ఆలస్యమైనా పర్వాలేదు. చోడి అంబలి దొరికితే తాగండి.

అనుకున్న వాటిలో సగం మిగిలిపోతే మిగిలిపోనివ్వండి. సగం చూడని ఊరికి మనిషి మళ్లీ వస్తాడు.

పాత బస్తీనే ముందుగా చూపించే ఊళ్లు వేరేచోట ఉన్నాయి. కరీబియన్ దీవుల్లో శాన్‌వాన్ అనే పాత రేవు పట్నం ఉంది. విహార నౌకలు దాని పాత బస్తీ గుమ్మంలోనే ఆగుతాయి. ఒక్క పూట కోసం దిగినవారు కూడా నేరుగా కోట గోడల మధ్యకు నడిచి వెళతారు. 1983లో యునెస్కో ఆ కోటలను ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. మనకూ 2023లో విశాఖ పోర్టులో అంతర్జాతీయ క్రూయిజ్ టెర్మినల్ మొదలైంది. పాతపట్నం అక్కడికి కూతవేటు దూరం. దిగినవారిని కార్లెక్కించి కొండలకూ బీచ్‌లకూ పంపుతూ, పక్కనే ఉన్న మూడున్నర శతాబ్దాల ఊరిని చూపించకపోతే తప్పు మనదే.

గైడు వృత్తిలో ఉన్న తమ్ముళ్లకూ, పర్యాటక శాఖవారికీ నా విన్నపం ఒక్కటే. టూరు జాబితాలో మొదటి పేరుగా పాత పోస్టాఫీసు రాయండి. శ్మశానం తాళం చెవి ఎవరి దగ్గర ఉంటుందో తలుపు మీద ఒక బోర్డు పెట్టించండి. 1780 సిపాయిల గురించి నాలుగు వాక్యాలు తెలుగులో రాయించి ఆ పక్కనే నిలబెట్టండి.