తానీషా ప్రభువుల వారికి ఇంటి లోను బాకీదారు అర్జీ

గోల్కొండ సుల్తాను అబుల్ హసన్ కుతుబ్‌షా ఉరఫ్ తానీషా ప్రభువుల వారి సముఖానికి,
ఆఖరి చిరునామా: దౌలతాబాదు కోట.

నేలకొండపల్లి నివాసి, ఇరవయ్యేళ్ల ఇంటి లోను బాకీదారు రాసుకున్న బహిరంగ లేఖ.

ప్రభూ,

మా ఊరు తమరికి తెలియంది కాదు. తమ దివాణాన్ని నడిపిన అక్కన్న మాదన్నల మేనల్లుడు కంచర్ల గోపన్నది మా నేలకొండపల్లే. పాల్వంచ పరగణాకు తహసీల్దారై వెళ్లి, వసూలైన శిస్తును ఖజానాకు పంపకుండా భద్రాచలంలో రాముడికి గుడి కట్టించాడు. ఆరు లక్షలకు లెక్క చెప్పమని తమరు అడిగారు. లెక్క చెప్పాడు గానీ సొమ్ము కట్టలేకపోయాడు. పన్నెండేళ్లు గోల్కొండ చెరలో ఉన్నాడు. అప్పటినుంచి హరికథల్లో, నాటకాల్లో, సినిమాల్లో తమరి మీద పడ్డ నిందలన్నీ తమరి చెవిన పడే ఉంటాయి.

ఈ లేఖ మాత్రం తమరిని మెచ్చుకోవడానికే. ఇంటి కోసం అప్పు చేసిన మనిషి ఎవరైనా సరే, భక్తిని కాసేపు పక్కన పెట్టి, గోపన్న కథను పద్దుల పుస్తకంలా చదివితే ఒక సంగతి దగ్గర ఆగిపోతాడు. తమరికి రావాల్సింది ఆరు లక్షలు. పన్నెండేళ్ల తర్వాత తమరు తీసుకున్నదీ ఆరు లక్షలే.

వడ్డీ ఏది ప్రభూ?

కథ మా ఊళ్లో పిల్లలక్కూడా తెలుసు. ఒక రాత్రి రామలక్ష్మణులే రామోజీ, లక్ష్మోజీ అని పేర్లు చెప్పుకుని, ఇద్దరు యువకుల్లా తమ పడకగదికి వచ్చి రామమాడలు కుప్ప పోశారు. తమరు లెక్క చూసుకుని రశీదు రాసిచ్చారు. తెల్లారేసరికి ఆ రశీదు చెరసాలలో గోపన్న తలగడ కింద ఉంది. ప్రాసెసింగ్ ఫీజు లేదు, ఆలస్యపు రుసుము లేదు, పెనాల్టీ లేదు. చెరలో గోపన్న పాడుకున్న ఒక కీర్తనలో ఖర్చుల జాబితా కూడా ఉంది. ప్రాకారానికి ఎంతైందో, భరతుడి పతకానికి ఎంతైందో, సీతమ్మ చింతాకు పతకానికి ఎంతైందో దేవుడి ముందే పద్దు చదివేశాడు. ఆ పద్దులోనూ వడ్డీ అనే గడి లేదు.

తమ సొమ్మును ఇప్పటి పద్ధతిలో లెక్క కట్టి చూశాను. ఆరు లక్షలు, ముప్పావలా వడ్డీ, అంటే ఏడాదికి 9 శాతం. కట్టని వడ్డీని నెలనెలా అసల్లో కలుపుతూ పన్నెండేళ్లు వదిలేస్తే 17 లక్షల 59 వేలు దాటుతుంది. రామోజీ, లక్ష్మోజీ ఆరు లక్షల మూటతో ఇవాళ ఏదైనా బ్రాంచికి వెళ్తే కౌంటరు దగ్గరే ఆగిపోతారు. “ఇది మూడో వంతుకు కాస్త ఎక్కువ సార్, అంతే. మిగిలింది రీస్ట్రక్చర్ చేద్దాం, నాన్నగారి ఐటీ రిటర్నులు మూడేళ్లవి పట్టుకురండి” అంటారు. దశరథ మహారాజు కాగితాలకు వాళ్లు ఎక్కడికని పోతారు?

నిజానికి ఈ కథలో వడ్డీ మాటెత్తింది ఒక్క కర్మే. గోపన్న పూర్వజన్మలో ఒక చిలకను పన్నెండు రోజులు పంజరంలో పెట్టాడనీ, అందుకే ఈ జన్మలో పన్నెండేళ్ల చెర పడిందనీ చెబుతారు. రోజుకు ఏడాది! పంజరం తలుపు వేసేటప్పుడు ఆ రేటు గోపన్నకు ఎవరూ చెప్పలేదు. నా మనవి కూడా సరిగ్గా దాని గురించే.

మా ఊళ్లో వడ్డీ లెక్క రాని మనిషి లేడు ప్రభూ. నూటికి నెలకు రూపాయి అంటే ఏడాదికి 12 శాతమనీ, రెండు రూపాయలంటే 24 అనీ బడి మొహం చూడనివాళ్లు కూడా ఠక్కున చెబుతారు. మిర్చికి పెట్టుబడి తెచ్చుకునే రైతు పావలా తగ్గించడానికి షావుకారుతో గంటసేపు వాదిస్తాడు. అలాంటి మనిషి బ్యాంకుకు వెళ్లి 9 శాతం అని వినగానే, “ముప్పావలా వడ్డీయే!” అని సంబరపడతాడు. చౌకే, అబద్ధం లేదు. కానీ మనం ఆ బేరం నేర్చుకున్నది పంట అప్పు దగ్గర. పంట చేతికొస్తే అప్పు తీరుతుంది, గడువు ఎంతో చేనే చెబుతుంది. ఇంటి అప్పుకు గడువు 240 నెలలు. అక్కడ రేటు కన్నా కాలానిది పెద్ద ధర. మా వాళ్లకు రేటు బేరం వచ్చు, కాలాన్ని బేరమాడటం రాదు.

అంకెల్లో విన్నవిస్తాను. తమ ఆరు లక్షలకు ఐదింతలు, అంటే 30 లక్షలు, అదే ముప్పావలా వడ్డీకి ఇరవయ్యేళ్ల గడువుతో తీసుకుంటే నెలకు వాయిదా 26,992 రూపాయలు. మొత్తం కట్టేది 64 లక్షల 78 వేలు. తెచ్చింది 30 లక్షలు, వడ్డీ 34 లక్షల 78 వేలు. ఒక ఇల్లు నేను కట్టుకున్నాను, దానికన్నా కాస్త పెద్ద ఇల్లు బ్యాంకుకు కట్టించాను.

మొదటి నెల వాయిదాలో 22,500 వడ్డీకే పోతుంది. అసల్లో తగ్గేది 4,492. ఇందులో మోసమేమీ లేదు, ఉత్త గణితం. మిగిలి ఉన్న అసలు మీద ప్రతి నెలా వడ్డీ పడుతుంది. మొదట్లో అసలు కదలదు కాబట్టి వడ్డీ తగ్గదు. వడ్డీ తగ్గదు కాబట్టి అసలు కదలదు. కట్టే వాయిదాలో సగమైనా అసలుకు చేరాలంటే పన్నెండేళ్లు దాటాలి.

ఆ పన్నెండేళ్లనే తీసుకుందాం, తమరికి గోపన్న పేరు మీద బాగా తెలిసిన గడువు కదా. ఒక్క వాయిదా కూడా తప్పకుండా కట్టినవాడు అప్పటికి 38 లక్షల 86 వేలు కట్టి ఉంటాడు. తెచ్చిన అసలు కన్నా దాదాపు తొమ్మిది లక్షలు ఎక్కువ. ఇంకా ఎంత బాకీ? 18 లక్షల 42 వేలు. గోపన్న చెర వదిలి భద్రాచలం దారి పట్టిన రోజుకు మా బాకీదారుడికి ఎనిమిదేళ్ల శిక్ష మిగిలే ఉంటుంది.

ఇదే 30 లక్షలను పదిహేనేళ్లకు తీసుకుంటే వాయిదా 30,428. నెలకు 3,436 రూపాయలు ఎక్కువ. మొత్తం మీద మిగిలేది పది లక్షలు. ఈ రెండు అంకెలు పక్కపక్కన పెట్టి చూపిస్తే ఖర్చులు బిగించి పదిహేనేళ్లకే ఒప్పుకునేవాళ్లు మా ఊళ్లోనే బోలెడుమంది. కానీ బల్ల అవతలి నుంచి వచ్చే ప్రశ్న ఒకటే: “నెలకు ఎంత కట్టగలరు?” మనిషి ఒక అంకె చెబుతాడు. దానికి సరిపోయేదాకా గడువును సాగదీస్తారు. వాయిదా తేలికైంది కదా అని ఇంటికొచ్చి స్వీట్లు పంచుతాడు.

పైగా రేటు ఉన్నచోట ఉండదు. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే ఫ్లోటింగ్ రేటు ఇంటి లోన్లను బయటి ప్రామాణికానికి ముడిపెట్టారు. చాలావాటికి అది రిజర్వు బ్యాంకు నిర్ణయించే రెపో రేటు. 2022 మే మొదట్లో 4 శాతం ఉన్న రెపో 2023 ఫిబ్రవరికి 6.5కు ఎక్కింది. చాలా ఇళ్లలో ఆ సంగతి ఎవరికీ తెలియలేదు. వాయిదా పెరగలేదు మరి, గడువు పెరిగింది. నేను చెప్పిన 30 లక్షల లోనులో తొలినాళ్లలోనే రేటు 9 నుంచి 10 అయి, వాయిదా మాత్రం కదలకపోతే 240 నెలలు 314 అవుతాయి. ఆరేళ్ల పైమాట. రూపాయల్లో చూస్తే దాదాపు 20 లక్షలు. ఒక్క శాతానికి! తమ ఏలుబడిలో శిస్తు పెంచితే కనీసం డప్పు కొట్టి చెప్పేవారు. ఇక్కడ ఫోనులో ఇంగ్లీషు ముక్కొకటి మోగి ఊరుకుంటుంది.

చిల్లర కూడా చిల్లరగా ఉండదు. లీగల్ ఒపీనియన్, వాల్యుయేషన్ ఫీజు చేతినుంచి కట్టేస్తే అక్కడితో తీరుతుంది. లోనుతో పాటు అంటగట్టిన బీమా ప్రీమియం 50 వేలను “లోనులోనే కలిపేద్దాం సార్” అంటే, ఆ యాభై వేలు ఇరవయ్యేళ్లలో లక్షా ఎనిమిది వేలవుతుంది.

అలాగని బ్యాంకులు లేని రోజులు రావాలని నా కోరిక కాదు. ఈ 30 లక్షలే రెండు రూపాయల వడ్డీకి బయట తెస్తే నెలకు 60 వేలు వడ్డీ కింద పోయి అసలు అసలుగానే నిలబడేది. అద్దె ఇంట్లో ఉన్నా ఇరవయ్యేళ్ల అద్దె తిరిగి రాదు, పైగా అది ఏటా పెరుగుతుంది. ఇరవయ్యో ఏట కట్టే 26,992 విలువ ఇవాళ్టి విలువ కాదనీ తెలుసు. ప్రభుత్వ చేయూత లేదనీ అనను. స్థలం ఉన్న పేదలకు ఐదు లక్షలిచ్చే ఇందిరమ్మ ఇళ్ల పథకాన్ని 2024 మార్చి 11న భద్రాచలంలోనే మొదలుపెట్టారు. తమ ఆరు లక్షలకు లక్ష తక్కువ, కానీ చెర లేదు. అప్పు చేసి ఇల్లు కట్టుకోవడం తెలివితక్కువ పనేమీ కాదు. ధర ఎంతో తెలియకుండా కొనడమే చిక్కు.

రిజర్వు బ్యాంకు కూడా కళ్లు మూసుకుని లేదు. ఫ్లోటింగ్ రేటు ఇంటి లోనును గడువుకు ముందే తీర్చేస్తే జరిమానా వేయొద్దని 2012లోనే చెప్పింది. రేటు మారినప్పుడు వాయిదా పెంచాలో, గడువు పెంచాలో బాకీదారునే అడగాలని 2023 ఆగస్టులో చెప్పింది. బాకీ తీరిన 30 రోజుల్లోగా అసలు దస్తావేజులు తిరిగివ్వాలనీ, బ్యాంకు వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 చొప్పున చెల్లించాలనీ 2023 డిసెంబరు నుంచి నిబంధన పెట్టింది. తమరు రాత్రికి రాత్రే ఇచ్చిన రశీదుతో పోలిస్తే నెల రోజులు ఎక్కువే అనుకోండి, అయినా మంచిదే. 2024 అక్టోబరు నుంచి అన్ని ఫీజులూ కలిపిన అసలు రేటుతో, బాకీదారుకు అర్థమయ్యే భాషలో ఒక ముఖ్యాంశాల పత్రం కూడా ఇవ్వాలంది. ఉత్తర్వులు బాగున్నాయి. చిక్కల్లా ఆ పత్రం సంతకాల కట్ట మధ్యలో రావడం. “ఇక్కడ, ఇక్కడ, ఇక్కడ” అని వేలు చూపిస్తుంటే మనిషి చదవడు, సంతకం పెడతాడు.

గోల్కొండ నుంచి సైఫాబాదులోని రిజర్వు బ్యాంకు కార్యాలయం ఎంతో దూరం లేదు. కనుక తమరు దయచేసి మూడు ఫర్మానాలు జారీ చేయించాలని నా ప్రార్థన.

ఒకటి. లోను కాగితం మొదటి పుటలో, పెద్ద అక్షరాల్లో, తెలుగులో రెండే రెండు అంకెలు ఉండాలి: ఇవాళ్టి రేటు ప్రకారం మొత్తం కట్టబోయేది ఎంత. దాని కిందే, గడువు ఐదేళ్లు తగ్గిస్తే ఎంత. గోపన్నకు చెరలో తిండి కరువైందేమో గానీ తన బాకీ ఎంతో ఏ రోజూ సందేహం లేదు. ఆరు లక్షలు. ఆ అంకె మూడున్నర శతాబ్దాలుగా చదువు రానివాళ్ల నోట కూడా నలుగుతోంది. మా 64 లక్షల 78 వేలు మాత్రం మా నోటికి రాదు. మేం 26,992ను బట్టీ పట్టాం.

రెండు. గడువు పెంచినప్పుడు పెరిగిన నెలలు కాకుండా పెరిగిన రూపాయలు చెప్పాలి, పెంచకముందే చెప్పాలి. 74 నెలలంటే ఎవరికీ గుండె దడదడలాడదు. 20 లక్షలంటే దడదడలాడుతుంది.

మూడు. భద్రాద్రి కల్యాణానికి ముత్యాల తలంబ్రాలు పంపే ఆచారం తమ కాలం నుంచే వస్తోందని అంటారు. ఆ పూటకే ప్రతి బాకీదారుకూ ఒక చీటీ అందాలి: ఏడాదిలో కట్టింది ఇంత, వడ్డీకి ఇంత, అసలుకు ఇంత. చివర్లో ఇంకో వాక్యం: మొదటి ఏడాది నుంచి ఏటా ఒక్క వాయిదా అదనంగా అసలుకు కడితే ఇరవయ్యేళ్ల లోను మూడేళ్లకు పైగా ముందే తీరుతుంది, దానికి జరిమానా లేదు. మిర్చి అమ్మిన డబ్బు చేతిలో ఉండే రోజులవి. ఆ చీటీ చదివినవాడు కొత్త బైకు షోరూముకు వెళ్లేముందు ఒకసారి బ్యాంకు వైపు తొంగిచూస్తాడు.

ప్రభూ, ఇందులో మాఫీ మాట ఎక్కడా లేదు. రేటు తగ్గించమనీ అడగలేదు. తీసుకున్నవాళ్లం, కడతాం. ధర చెప్పి అమ్మమంటున్నాం.

ఇట్లు,
వాయిదా తప్పని ఒక నేలకొండపల్లి బాకీదారు

ప్రతులు:
1. రిజర్వు బ్యాంకు కార్యాలయం, సైఫాబాదు, హైదరాబాదు: తగు చర్య కోసం.
2. అక్కన్న మాదన్నలు, గోల్కొండ దివాణం: మేనల్లుడి ఊరివాళ్ల తరఫున ఒక మాట సాయం కోసం.
3. ఈ వారం లోను కాగితాల మీద సంతకం పెట్టబోయేవారు: పెన్ను మూత తీసేముందు వాయిదాను నెలలతో హెచ్చవేసుకోవడం కోసం.