పదకొండో నంబరు

బంగాళాఖాతంలో అల్పపీడనం పుట్టిందంటే చాలు, టీవీ తెర మీద కళింగపట్నానికి పెళ్లికళ వచ్చేస్తుంది. వంశధార సముద్రంలో కలిసే ఆ పాత రేవు మిగతా రోజుల్లో ఏ చానల్‌కూ గుర్తుండదు. తుపాను వస్తే మాత్రం ఎర్ర బాణాలన్నీ దాని నెత్తినే. 'కళింగపట్నానికి ఆగ్నేయంగా ఇన్ని వందల కిలోమీటర్లు' అంటుంది వాతావరణ శాఖ. అది దూరం చెప్పే లెక్క. చానల్ దాన్ని చావుకబురులా చదువుతుంది. అందరికంటే ముందు చెప్పింది తామేనని కింద ఒక గీత కూడాను!

లైట్‌హౌస్ కనిపించేలా విలేకరి నిలబడతాడు. మైకుకు ప్లాస్టిక్ కవరు, చేతిలో తిరగబడ్డ గొడుగు. గాలికి నిలబడలేకపోతున్నామని అతను అరుస్తుంటే, వెనకాల నలుగురు పిల్లలు కెమెరాకు చేతులూపుతూ గెంతుతుంటారు. వాళ్లెలా నిలబడ్డారని స్టూడియోలో ఎవరూ అడగరు.

గుజరాత్‌లోని వీరావల్‌కు చేపలవేటకు వలసపోయిన కొడుకు ఆ బొమ్మ చూసి ఫోన్ చేస్తాడు.

"అమా, ఊళ్లోకి నీళ్లొచ్చీసినాయంట?"

"ఏ ఊళ్లోకిరా?"

"మనూళ్లోకే. టీవీలో సూపిత్తన్నారు."

"ఉండు, సూసి సెప్తాను."

తల్లి చూసేది గుమ్మం బయటికి కాదు, టీవీ వైపు. ముంగిట్లో వల ఆరుతూనే ఉంది, అయినా గుండెల్లో దడ. ఏమీ లేదురా అంటే కొడుకు నమ్మడు, దాస్తోందనుకుంటాడు. సముద్రంలో వాయుగుండం బలహీనపడినా వీళ్లిద్దరి మధ్య మాత్రం తీవ్రరూపం దాలుస్తుంది.

హెచ్చరికే వద్దని ఎవరంటారు? 2021 సెప్టెంబరు 26 రాత్రి గులాబ్ తుపాను నిజంగానే కళింగపట్నానికి ఉత్తరాన సుమారు 20 కిలోమీటర్ల దూరంలో తీరం దాటింది. చిరుజల్లుకూ పెనుతుపానుకూ ఒకే గొంతు వాడితేనే చిక్కు. ఏది పులో, ఏది పిల్లో వినేవాడికి తెలియదు.

2018 అక్టోబరు 11 తెల్లవారుజామున వచ్చింది పులే. తిత్లీ తుపాను పలాస వైపు తీరం దాటి ఉద్దానం ప్రాంతంలో కొబ్బరిచెట్లను, జీడితోటలను నేలకూల్చింది. కరెంటు స్తంభాలు ఒరిగిపోయాయి. టీవీలు నల్లబడ్డాయి. ఎన్నో ఊళ్లలో ఫోన్లూ మూగబోయాయి. కొడుక్కి తల్లి గొంతు నిజంగా కావలసిన రోజు అదే.

రేవులో ఎగరేసే ప్రమాద సూచికల నంబర్లను యాంకర్లు పరీక్షల ర్యాంకుల్లా ప్రకటిస్తుంటారు. వాటిలో చివరిది 11. పదో నంబరును మించిన గాలి వస్తోందని దాని అర్థం కాదు. తుపాను హెచ్చరికల కేంద్రంతో సంబంధాలు తెగిపోయాయని.