బానెట్ మీద కుర్రాడు

కురిచేడులో ఎరువుల కొట్టాయన ఆ వీడియో చూపించకుండా యూరియా బస్తా దించేవాడు కాదు.

2025 జులై అంతా అదే వరస. ఇండోనేషియాలో, సుమత్రా దీవిలో, కువాంతాన్ నది మీద పడవ పందెం. ఒకే మాను తొలిచి చేసిన పొడుగాటి పడవ. యాభై మంది దాకా తెడ్లేస్తుంటారు. పడవ కొసన 11 ఏళ్ళ కుర్రాడు. నల్ల బట్టలు, నల్ల కళ్ళద్దాలు. కింద నీళ్ళు ఉరుకుతుంటే వాడు నింపాదిగా చేతులు తిప్పుతుంటాడు.

“పారిస్ ఫుట్‌బాల్ ఆటగాళ్ళు కూడా వీడిలాగే చేతులు తిప్పారయ్యా. వాళ్ళ గవర్నరు పిలిచి టూరిజానికి రాయబారిని చేశాడు. చదువుకి 2 కోట్ల రూపియాలిచ్చాడు.”

2 కోట్లనేసరికి మిరప రైతులు నోరు తెరిచేవాళ్ళు. మన డబ్బుల్లో అది లక్ష పైచిలుకని ఆయన చివర్లో చెప్పేవాడు. బేరం ఎక్కువగా ఉన్నరోజు అదీ చెప్పేవాడు కాదు.

“కళని గుర్తించడమంటే అదీ. మనోళ్ళకి ఆ చూపేది?” అని బిల్లు రాసేవాడు.

ఆగస్టు 17 వాళ్ళ స్వాతంత్ర్య దినం. జకార్తాలో అధ్యక్ష భవనం ముందు ‘తబోలా బాలే’ పాట పాడితే అధ్యక్షుడు ప్రబోవో కూడా అడుగులేశాడు. ఆ వీడియో కూడా కొట్లోకొచ్చింది. మన హిందీ సినిమా బాణీలు విని దంగ్‌దుత్ పాటలు కట్టుకున్న దేశం, ఇప్పుడు కురిచేడు సెల్లుల్లో మోగుతోంది.

అంతలో వినాయకచవితి వచ్చింది. నిమజ్జనానికి విగ్రహాన్ని సాగర్ కాలువ దాకా తీసుకెళ్ళడానికి ఎరువుల కొట్టాయన తన కొత్త ట్రాక్టరే ఇచ్చాడు. బానెట్ మీద పసుపు రంగుతో ‘నాన్నగారి దీవెన’ అని రాయించి వారం కాలేదు. దాని మీదుగా బంతిపూల దండ కట్టారు.

డప్పుల వాళ్ళలో ఒకతని కొడుకు ఐదో తరగతి. తండ్రి నల్ల చొక్కా మోకాళ్ళ దాకా వేలాడుతోంది. తిరునాళ్ళలో కొన్న కళ్ళద్దాలు ముఖాన్ని సగం మింగేశాయి. వాడు బానెట్ ఎక్కి నిలబడ్డాడు. తండ్రి దరువు మార్చాడు. కుర్రాడు చేతులు తిప్పాడు. ట్రాక్టరు గుంటల్లో పడి లేస్తున్నా వాడి భుజాలు తొణకలేదు. ఆడవాళ్ళు పనులాపి గుమ్మాల్లోకొచ్చారు. సెల్లు షాపు కుర్రాడు ఫోను పైకెత్తాడు.

“ఎవడ్రా అది? దిగు! రంగు గీసుకుపోద్ది!”

ఎరువుల కొట్టాయన జనాన్ని తోసుకుంటూ వచ్చాడు.

“ఏందయ్యా, పిలకాయల్ని అదుపులో పెట్టుకోలేవా? బడికి పంపకుండా కోతిగంతులు నేర్పుతున్నావా?”

తండ్రి డప్పు ఆపి కొడుకుని కిందికి దించాడు. ఎరువుల కొట్టాయన భుజం మీద తువ్వాలు తీసి బానెట్ తుడిచాడు. అక్షరాల దగ్గర ఇంకోసారి తుడిచాడు.

ఆ రాత్రి సెల్లు షాపు కుర్రాడు వీడియోలో డప్పుల మోత తీసేసి ‘తబోలా బాలే’ పెట్టాడు. పేరూ ఊరూ రాయలేదు. అది ఎన్ని ఫోన్లు తిరిగిందో గానీ, నాలుగో రోజుకి ఎరువుల కొట్టాయన దగ్గరికొచ్చింది. ఆయన వెంటనే ఊరి వాట్సాప్ గ్రూపులో పెట్టి కింద రాశాడు.

“ఇండోనేషియాలో ఇంకో పిల్లోడు. ఆ నిలకడ చూడండి. మన ఊళ్ళో పుట్టరు ఇట్టాంటోళ్ళు.”

సాయంత్రానికి గ్రూపంతా బొటనవేళ్ళు పెట్టింది. డప్పులతను దణ్ణం బొమ్మ పెట్టాడు.

వీడియో ఆఖర్న బంతిపూల దండ పక్కకి జరుగుతుంది. కుర్రాడి కాళ్ళ కింద పసుపు రంగులో ‘దీవెన’ అని కనిపిస్తుంది.